పొయ్యి అక్కర్లేని బాదం స్వీటుతో నా కుస్తీ

పొయ్యి వెలిగించే పని లేదు, పాకం పట్టే పని లేదు, నెయ్యి కూడా అక్కర్లేదు, బాదంపప్పు, పంచదార, యాలకులు, పన్నీరు (గులాబీ నీళ్లు) ఈ నాలుగూ కలిపి ముద్ద చేసి చిన్నచిన్నగా చుట్టుకోవడమే అని చెబితే ఎవరికైనా ఏమనిపిస్తుంది? గంటలో అయిపోతుందనిపిస్తుంది. నాకూ అలాగే అనిపించింది. అలా అనుకునే వరసగా మూడుసార్లు చెడగొట్టాను. మా ఆవిడ లెక్క ప్రకారం అందులో పోయింది ముప్పావు కిలో బాదంపప్పు, ఒక సీసా ఫేస్ టోనర్. ఆ టోనర్ సంగతి తర్వాత చెప్తాను.

స్వీటు పేరు తూత్. పారసీ, అంటే పర్షియన్ భాషలో తూత్ అంటే మల్బరీ పండు. బాదం ముద్దని ఆ పండు ఆకారంలో చుట్టి, పంచదారలో దొర్లించి, పైన తొడిమలాగా సన్నగా చీరిన పిస్తా ముక్క గుచ్చుతారు. ఇరాన్‌లో నౌరూజ్‌కి, అంటే వాళ్ల కొత్త సంవత్సరానికి, ఇంటికొచ్చినవాళ్ల ముందు టీతో పాటు పెట్టే స్వీట్లలో ఇదొకటి. పక్కనే శనగపిండితో చేసిన నాన్-ఎ-నొఖొద్చీ, బియ్యప్పిండితో చేసిన నాన్-ఎ-బెరెంజీ కూడా ఉంటాయి కానీ వాటికి అవెన్ కావాలి, చేయి తిరగాలి. తూత్ సులువు అని అందరూ అంటారు. అందరూ అంటే, చేయడం వచ్చినవాళ్లందరూ.

మేముండేది కాలిఫోర్నియాలో, అర్వైన్‌లో. ఇక్కడ ఇరానీలు బాగా ఉంటారు. 2023 ఫిబ్రవరి చివర్లో, మా అమ్మాయి జ్వరంతో స్కూలు మానేసిన రోజు, ఎదురింటి పెద్దావిడ నీలం అంచున్న ప్లేటులో ఒక పాతిక తూత్‌లు పేర్చి పట్టుకొచ్చింది. "అయ్యో వద్దండీ, మీకెందుకు శ్రమ" అన్నాను. తీసుకోమంది. మళ్లీ వద్దన్నాను. మూడోసారి అడిగితే తీసుకున్నాను. తర్వాత ఎప్పుడో ఆవిడే నవ్వుతూ చెప్పింది, నువ్వు మా ఊళ్లో పుట్టినవాడిలాగే చేశావు అని. వాళ్లలో దీన్ని తారోఫ్ అంటారట. ఒకసారి వద్దంటే మర్యాద, రెండోసారి వద్దంటే ఇంకా మర్యాద, మూడోసారి కూడా వద్దంటే నిజంగానే వద్దని. దీనికి మనకి పేరు లేదు గానీ, మా మేనత్తల ఇళ్లల్లో భోజనాల దగ్గర జరిగేది అచ్చంగా ఇదే.

ఆవిడది యజ్ద్. ఎడారి పక్కన ఊరు, మట్టి ఇళ్లు, గాలిని కిందికి లాగే బాద్‌గీర్లు అనే గోపురాలు, వీటితో పాటు స్వీట్లకి కూడా పేరున్న ఊరు. ముంబైలో ఇరానీ కేఫ్‌లు పెట్టినవాళ్లలో చాలామంది యజ్ద్, కెర్మాన్ వైపు నుంచి వచ్చినవాళ్లే. ఆ ధైర్యంతో ఓసారి "మా హైదరాబాద్‌లో ఇరానీ చాయ్ చాలా ఫేమస్" అని గొప్పగా చెప్పి, ఫోన్‌లో ఫోటో కూడా చూపించాను. "పాలు పోశారేంటి?" అంది. అంతే, ఆ టాపిక్ మళ్లీ ఎత్తలేదు. వాళ్లింట్లో టీ అంటే గాజు గ్లాసులో ఎర్రటి డికాషన్, పక్కన పంచదార ముక్క, దాన్ని పళ్ల మధ్య పెట్టుకుని తాగడం.

తనని ఖాలే అని పిలవమంది. పిన్ని అన్నమాట. హిందూపురంలో మా వెనక వీధి పిల్లలు ఉర్దూలో ఖాలా అనేవాళ్లు కాబట్టి నోరు తిరగడానికి ఇబ్బంది లేకపోయింది. ఆవిడ నన్ను పెసరమ్ అనేది. మొదట్లో నాకు అందులో పెసలు తప్ప ఇంకేం వినపడలేదు, కొన్నాళ్లకి తెలిసింది, "అబ్బాయీ, నా కొడకా" అని ముద్దుగా అనడమట.

ఖాళీ ప్లేటు తిరిగివ్వకూడదు కదా, మా ఆవిడ అందులో సున్నుండలు పెట్టి పంపింది. రెండ్రోజులకి అదే ప్లేటు ఖర్జూరాలతో వచ్చింది. ఇలా ఆ ప్లేటు ఇటూ అటూ తిరుగుతుండగా నాకు బుద్ధి పుట్టింది, ఈసారి ఆవిడ తూత్‌నే మనం చేసి ఆవిడకి పంపితే ఎలా ఉంటుంది అని. నౌరూజ్ ఆ ఏడాది మార్చి 20న, మన ఉగాది 22న. సమయం బాగా కుదిరింది, ఇంకా మూడు వారాలు చేతిలో ఉంది.

అసలు నాకు ఈ స్వీటు మీద అంత ఇది ఎందుకు పుట్టిందో కూడా చెప్పాలి. మాది హిందూపురం దగ్గర పల్లె. నా చిన్నప్పుడు మాకు ఎకరంన్నర మల్బరీ తోట ఉండేది, పట్టుపురుగుల కోసం. ఆకు కోసమే పెంచే తోట కాబట్టి కొమ్మలు ఎప్పటికప్పుడు కోసేసేవాళ్లు, కాయ పండేదాకా ఆగేది ఎక్కడ, గట్టు మీద వదిలేసిన రెండు చెట్లకి మాత్రం నల్లగా పండేవి, అవి కోసుకుని నాలుకా చొక్కా జేబూ ఊదారంగు చేసుకుని ఇంటికొస్తే మా అమ్మ ముందు జేబు చూసి తిట్టేది, తర్వాత నాలుక చూసి నవ్వేది. ఖాలే వాళ్లకి ఎక్కువగా తెల్ల మల్బరీ. ఎండబెట్టి, టీలోకి పంచదార బదులు నంజుకుంటారు. స్వీటు తెల్లగా ఎందుకుందో అప్పుడు అర్థమైంది.

సరే, మొదటిసారి.

బాదంపప్పు వేడినీళ్లలో వేసి, పొట్టు వలిచి, గుడ్డతో అద్ది, నేరుగా మిక్సీలో వేశాను. నా లెక్క ఏంటంటే, చేతికి తడి తగలట్లేదు కాబట్టి ఆరినట్టే. కానీ బాదంపప్పు లోపల నీళ్లు పట్టుకుని ఉంటుంది, పైకి తెలియదు. మిక్సీ తిప్పితే పొడి రాలేదు, కొబ్బరి చట్నీ వచ్చింది. పోన్లే, పంచదార కలిపితే గట్టిపడుతుందిలే అనుకుని కలిపాను. పంచదారకి తడి తగిలితే కరుగుతుంది గానీ గట్టిపడుతుందా? ఐదు నిమిషాల్లో అది గరిటెజారుగా తయారైంది. అప్పటికి రాత్రి పది దాటింది. మా ఆవిడ వచ్చి చూసి, ఏమీ అనకుండా బాణలి పెట్టి, నెయ్యి వేసి, దాన్ని బాదం హల్వా చేసేసింది. హల్వా బాగుంది. తూత్ మాత్రం కాదు.

రెండోసారి జాగ్రత్తపడ్డాను. పొట్టు తీసిన పప్పు ఒక రోజంతా కిటికీ దగ్గర గుడ్డ మీద ఆరబెట్టాను. బాగా ఆరింది. ఇక మెత్తగా రావాలి కదా అని మిక్సీ వదలకుండా తిప్పాను, మూత మీద చెయ్యి పెట్టి, రెండు నిమిషాలు, మూడు నిమిషాలు, పైన పొడి బాగానే కనిపిస్తోంది, అడుగున ఏం జరుగుతోందో చూడలేదు. జార్ వేడెక్కింది. తీసి చూస్తే బ్లేడు చుట్టూ అడుగంతా వేరుశనగ వెన్నలాగా అతుక్కుని ఉంది, వేలు పెడితే నూనె. బాదంలో సగం దాకా నూనే ఉంటుంది, వేడి తగిలేలా నూరితే అది బయటికి రాక ఏం చేస్తుంది? అయినా వదల్లేదు, పంచదార కలిపాను, ఇక పన్నీరు పోయాలి. ఫ్రిజ్ తలుపులో రోజ్ వాటర్ అని రాసున్న సీసా ఉంది. మూడు చెంచాలు పోశాను. మా ఆవిడ వెనక నుంచి వచ్చి "అది నా మొహానికి రాసుకునేది కదా, కళ్లకి చల్లగా ఉంటుందని ఫ్రిజ్‌లో పెట్టాను" అంది. చెయ్యి ముద్దలో ఉండగానే వెనక్కి తిప్పి చదివితే, అందులో గులాబీతో పాటు ఇంకో పన్నెండు రకాలున్నాయి, వాటిలో నాకు పలకడం వచ్చినవి రెండు. ఉలిక్కిపడి ఎడమ చెయ్యి తగిలిస్తే సీసా సింకులో పడి మిగిలింది కూడా పోయింది. ముద్ద మొత్తం చెత్తబుట్టలోకి వెళ్లింది. మీరు చేస్తే ముందు సీసా చూసుకోండి, తినడానికి పనికొచ్చేది అని ఉండాలి. అలాగే రోజ్ మిల్క్‌లో వేసే ఎసెన్స్ కూడా వద్దు, అది రంగూ ఘాటూ తప్ప నీళ్లు కాదు, ముద్ద కలవదు.

ఈ పన్నీరు మాటతో ఇంకో తమాషా జరిగింది. రెండోసారి పాడైన సంగతి ఖాలేకి చెప్తూ ఇంగ్లీషు మధ్యలో అలవాటుగా పన్నీరు అనేశాను. ఆవిడ కళ్లు పెద్దవి చేసి "బాదంలో పనీర్ వేశావా?" అంది. పారసీలో పనీర్ అంటే చీజ్. మనకి పెళ్లిలో బుడ్డితో చల్లేది పన్నీరు, వాళ్లకి రొట్టెలో పెట్టుకునేది పనీర్. వాళ్లు గులాబీ నీళ్లని గొలాబ్ అంటారు. గొల్ అంటే పువ్వు, ఆబ్ అంటే నీళ్లు. అంటే మనం చెట్టుకి పూసే పువ్వుని పట్టుకుని గులాబీ అంటున్నది అసలు పూలనీళ్ల పేరుతో. బాదం, పిస్తా కూడా అక్కడి మాటలే. నేను షాపు చీటీ తెలుగులో రాసుకుని చదివితే ఆవిడకి సగం అర్థమైంది.

మూడోసారికి నాకు విసుగొచ్చింది. దుకాణంలో పొట్టు తీసిన బాదం పిండి దొరుకుతుంది, ప్రపంచంలో పండే బాదంలో 80 శాతం దాకా ఈ కాలిఫోర్నియాలోనే పండుతుంది, ఇంత దగ్గర ఉండి మనం నూరడమెందుకు అని ప్యాకెట్ తెచ్చాను. పంచదార పొడి కూడా ప్యాకెట్‌దే. ఇక్కడ అమ్మే పంచదార పొడిలో ఉండకట్టకుండా కొద్దిగా మొక్కజొన్న పిండి కలుపుతారు, నాకు అప్పుడు తెలియదు. మొదటిసారి తడి ఎక్కువైందన్న భయంతో ఈసారి గొలాబ్ బాగా పిసినారిగా వేశాను. ముద్ద అయితే అయింది. చుట్టడం మొదలుపెడితే మాత్రం ప్రతిదానికీ నెర్రెలు, వేసవిలో మా చెరువు అడుగులాగా. కొస సన్నగా చేద్దామంటే విరిగిపోతోంది. చివరికి రెండు వైపులా గుండ్రంగా, మధ్యలో కొంచెం లావుగా, ఎలాగోలా నలభై చుట్టి పంచదారలో పడేస్తే పంచదార కూడా సరిగ్గా అంటలేదు.

ఆదివారం వీడియో కాల్‌లో నాన్నకి చూపించాను. కళ్లజోడు సర్దుకుని కాసేపు చూశాడు.

"ఏమ్రా అవి, పట్టుగూళ్లు ఎక్కడివి నీకు?"

ఆయన ఎగతాళి చేయలేదు, నిజంగానే అడిగాడు. ముప్పై ఏళ్లు చంద్రికల మీద నుంచి, అంటే పురుగులు గూళ్లు అల్లే వెదురు తట్టల మీద నుంచి, పట్టుగూళ్లు ఏరిన మనిషి, ఆయన కంటికి అవి అలాగే కనపడ్డాయి. నేను మళ్లీ చూశాను. నిజమే. తెల్లగా, బొటనవేలు కొసంత, అటూ ఇటూ మొద్దుగా, పైన గరుగ్గా. మల్బరీ పండు చేయబోయి ఆ ఆకు తిన్న పురుగు అల్లిన గూడు చేశాను. మా అమ్మ వెనక నుంచి "తినేవేనా?" అంది.

ఆ నలభైలో ఆరు ప్లేటులో పెట్టుకుని ఖాలే దగ్గరికి వెళ్లి, నేర్పించమని అడిగాను. ముందే అడగాల్సింది. ఆవిడ ఒకటి తీసుకుని కొరక్కుండా వేళ్ల మధ్య నలిపింది. పొడిపొడిగా రాలింది. "శనివారం రా పెసరమ్. బాదం నువ్వు తెచ్చుకో. ముందురోజు వలిచి తీసుకురా" అంది.

మార్చి 18, శనివారం, పొద్దున పది. శుక్రవారం పొద్దున వలిచి ఆరబెట్టిన పప్పు డబ్బాలో పోసుకుని వెళ్లాను. ఆవిడ మొట్టమొదట చేసిన పని ఏంటంటే, డబ్బాలోంచి ఒక పప్పు తీసి తను నోట్లో వేసుకుని, ఇంకోటి నా చేతిలో పెట్టి కొరకమంది. కటుక్కుమని విరగాలి. సాగినట్టు, రబ్బరులాగా అనిపిస్తే లోపల ఇంకా తడి ఉన్నట్టు. నాది విరిగింది. ఆవిడ తల ఊపింది. ఈ ఒక్క పరీక్ష నాకు ముందే తెలిసుంటే మొదటి పావుకిలో మిగిలేది.

మా అమ్మ చలిమిడి చేసేటప్పుడు కంగారంతా దీనికి పూర్తిగా వ్యతిరేకంగా ఉండేది. బియ్యం నానబెట్టి, పిండి పట్టించి, ఆ తడి ఎక్కడ ఆరిపోతుందోనని గుడ్డ కప్పి, అదిమి, ఎవరైనా మూత తీస్తే అరిచేది. పొడిపిండితో చలిమిడి రాదు. తడిపప్పుతో తూత్ రాదు. నా చేతికి అలవాటైన లెక్క తలకిందులుగా ఉందని నాకు ఆ వంటింట్లో నిలబడ్డాకే తట్టింది.

నూరడం ఆవిడ గుప్పెడు గుప్పెడుగా చేసింది. గుప్పెడు పప్పు, దానికి రెండు చెంచాల పంచదార పొడి, అది నూనెని కొంత పీల్చుకుంటుంది. బటన్ నొక్కడం, వదలడం, నొక్కడం, వదలడం, పదిసార్లు అయ్యాక జార్ తీసి అడుగు గీకి కదిలించడం. జార్ బయట చెయ్యి పెట్టి చూసేది. గోరువెచ్చగా అనిపిస్తే ఆపేసి టీ తాగుదాం అనేది. అలా రెండుసార్లు టీ తాగాం. నూరిందంతా జల్లెడ పట్టి, పైన మిగిలిన బరక మళ్లీ జార్‌లో వేసి, మళ్లీ జల్లించి, ఆఖరికి మిగిలిన రెండు చెంచాల బరక నా నోట్లో పోసింది. పంచదార కూడా ఇంట్లో నూరిందే. ప్యాకెట్ పొడితో రాదని కాదు, వస్తుంది గానీ అందులో ఉన్న మొక్కజొన్న పిండి తడి పీల్చి ముద్దని బిరుసు చేస్తుంది, నాలుక మీద కొంచెం సుద్దలాగా కూడా తగులుతుంది.

కొలతలు అడిగితే "కళ్లతో" అంది. నేను వదల్లేదు, ఆవిడ పోసిందంతా నా దగ్గరున్న కప్పుతో కొలిచాను. బాదం పొడి రెండు కప్పులు, తూకం అయితే దాదాపు 200 గ్రాములు. పంచదార పొడి ఒక కప్పు. యాలకుల పొడి ఒక టీస్పూను, అప్పటికప్పుడు గింజలు తీసి దంచింది. గొలాబ్ మూడు టేబుల్ స్పూన్లు, దానికి ఒక అర అటూ ఇటూ. వీటికి ముప్పై ఐదు నుంచి నలభై దాకా వస్తాయి. కొందరు కొంచెం కుంకుమపువ్వు నీళ్లు కలిపి సగం పసుప్పచ్చగా చేస్తారు, ఆవిడకి అది ఇష్టం లేదు, మల్బరీ పసుప్పచ్చగా ఎక్కడుంటుంది అంటుంది.

గొలాబ్ కలపడం దగ్గరే అసలు కిటుకంతా ఉంది, ఇది కొంచెం ఓపిగ్గా చదవండి. ఆవిడ గొలాబ్ సీసా ఇరాన్‌ది, కాషాన్ పక్కన గమ్సర్ అనే ఊరి సరుకు. అక్కడ వసంతం చివర్లో గులాబీలు కోసి రాగి బానల్లో మరిగించి ఆవిరి పడతారట, దాన్ని చూడ్డానికే జనం వెళ్తారు. మూత తీస్తేనే గది నిండింది. మొదటి చెంచా పోసి అరచెయ్యి పెట్టకుండా వేళ్ల కొసలతోనే కలిపింది, రవ్వకి నెయ్యి పట్టించినట్టు. రెండో చెంచా. ఇంకా పొడిపొడిగానే ఉంది. ఇక్కడ నేనైతే గబుక్కున ఇంకో రెండు పోసేవాణ్ని. ఆవిడ మూడోది సగం సగంగా పోసి, చేయి ఆపి, గిన్నె నా వైపు తోసి, ఏమనిపిస్తోంది అని అడిగింది. ఇంకొంచెం కావాలి అన్నాను. "అలా అనిపించినప్పుడే ఆపాలి" అంది. ఎందుకో పది నిమిషాలకి నాకే తెలిసింది. ఆ ఉన్న తడికి పంచదార నెమ్మదిగా కరగడం మొదలై, ముద్ద దానంతట అదే మెత్తబడింది. మనం కలిపినప్పుడే మెత్తగా ఉందంటే పది నిమిషాల తర్వాత జారిపోతుంది. పిడికిట్లో కొంచెం తీసుకుని బిగించి తెరిస్తే వేళ్ల అచ్చులు దాని మీద నిలబడాలి, అరచేతికి మాత్రం ఏమీ అంటకూడదు, నూనె మెరవకూడదు. కుదిరాక తడిగుడ్డ కప్పి అరగంట పక్కన పెట్టింది.

ఆ అరగంటలో పిస్తా. ఖలాల్-ఎ-పెస్తే అని నిలువుగా సన్నగా చీరిన పిస్తా ప్యాకెట్లు ఇరానీ షాపులో దొరుకుతాయి, ఆకుపచ్చగా మెరుస్తూ ఉంటాయి, పూర్తిగా ముదరకముందే కోసిన పప్పు కాబట్టి ఆ రంగు. ఆ రోజు ప్యాకెట్ అయిపోయింది, నేను తెచ్చిన మామూలు కాలిఫోర్నియా పిస్తానే నానబెట్టి, తొక్క తీసి, చాకుతో చీరాం. ఇది కూడా మాదేలే అంది ఆవిడ. నిజమే, 1929లో అమెరికా వ్యవసాయ శాఖ తరఫున ఒకాయన ఇరాన్ వెళ్లి తెచ్చిన విత్తనాల్లోంచి వచ్చిన రకమే ఇక్కడి తోటల్లో దశాబ్దాల పాటు ఏలింది, దాని పేరే కెర్మాన్. చీరడం మాత్రం నాకు చేతకాలేదు. నావి తొడిమల్లా లేవు, దుంగల్లా ఉన్నాయి.

చుట్టడం. గోలీ కన్నా కొంచెం పెద్ద ఉండ, తూకం వేస్తే తొమ్మిది గ్రాములు. ముందు అరచేతుల మధ్య గట్టిగా అదిమి గుండ్రంగా చేయాలి, గాలి ఉండకూడదు, నెర్రె వచ్చేది అక్కడే. తర్వాత ఒక చేతి అంచుతో ఉండకి ఒక పక్కన మాత్రమే రెండుసార్లు ముందుకీ వెనక్కీ తోయాలి, అటువైపు సన్నబడుతుంది, ఇటువైపు లావుగానే ఉంటుంది. ఆవిడ నావైపు చూసి మాట్లాడుతూనే ఐదు చేసేసింది, ఐదూ ఒకటే కొలత. అరచెయ్యి ఆరితే గొలాబ్ ఒక్క చుక్క రాసుకోవాలి, ఒక్క చుక్కే. చుట్టిన వెంటనే సన్నరకం పంచదారలో దొర్లించాలి, ఆలస్యమైతే పైన ఆరిపోయి అంటదు. అన్నీ చుట్టి ఒకేసారి దొర్లిద్దాం అనుకుంటే మొదటివి బోడిగా మిగులుతాయి, నా మూడోసారి గొడవలో సగం ఇదే.

తొడిమ గుచ్చమని నాకిచ్చింది. నేను కొస వైపు గుచ్చాను, సన్నగా ఉంది కదా, తొడిమ అక్కడే బాగుంటుందని. ఆవిడ దాన్ని తీసుకుని, కొస పట్టుకుని తలకిందులుగా వేలాడదీసి చూపించింది.

"మీ నాన్నకి మల్బరీ తోట ఉందన్నావు. పండు ఎటునుంచి వేలాడుతుంది?"

లావుగా ఉన్నవైపు నుంచి. అంత తోటలో పెరిగి ఇది తప్పు చేశానని నాన్నకి మాత్రం చెప్పలేదు.

ఆ రాత్రి ఇంటికొచ్చి, మర్నాడు ఆరబెట్టిన మిగతా పప్పుతో నేనొక్కణ్నే చేశాను. ముప్పై ఎనిమిది వచ్చాయి. ఎనిమిది వంకరగా ఉంటే ఇంట్లో ఉంచుకున్నాం, మిగతావి గాలి చొరబడని డబ్బాలో ఒక్క వరసగా పేర్చాను. ఒకదాని మీద ఒకటి వేస్తే పంచదార రాలి బరువుకి అణిగిపోతాయి, వేయాల్సివస్తే మధ్యలో కాగితం పెట్టండి. చేసిన రోజుకన్నా మర్నాడు రుచి బాగుంటుంది, యాలకులూ గొలాబూ పప్పుకి పడతాయి. బయట వారం దాకా పర్వాలేదు, ఆ తర్వాత గట్టిపడతాయి. మూత తీసి వదిలేస్తే మాత్రం ఒక్క పూటలో బిస్కెట్టే.

సోమవారం మధ్యాహ్నం మా టైములో 2:24కి నౌరూజ్. వాళ్లకి కొత్త సంవత్సరం అర్ధరాత్రి పన్నెండుకి రాదు, సూర్యుడు విషువత్తు దాటే క్షణానికి వస్తుంది, ఏడాదికొక టైము. నాకు ఇంటి నుంచే పని కాబట్టి లంచ్ బ్రేక్ కాస్త వెనక్కి జరుపుకుని, తూత్‌లు ఆ నీలం అంచు ప్లేటులోనే పెట్టుకుని, స్కూలు నుంచి ముందే తెచ్చుకున్న మా అమ్మాయితో ఎదురింటికి వెళ్లాను. బల్ల మీద హఫ్త్-సీన్, వాళ్ల భాషలో స అక్షరంతో మొదలయ్యే ఏడు వస్తువులు. ఆపిల్, వెల్లుల్లి, వెనిగర్, సుమాక్ అనే పుల్లటి పొడి, సెన్జెద్ అనే ఎండుపళ్లు, గోధుమ మొలకలతో చేసే సమనూ, ఇంకా పళ్లెంలో ఏపుగా పెంచి ఎర్ర రిబ్బన్ కట్టిన మొలకలు. ఆ మొలకలు చూస్తే మన పెళ్లిళ్లలో అంకురార్పణ పాలికలే గుర్తొచ్చాయి. టీవీలో టైము రాగానే అందరూ లేచి ముద్దులు పెట్టుకున్నారు, ఖాలే పుస్తకం మధ్యలోంచి పెళపెళలాడే కొత్త ఐదు డాలర్ల నోటు తీసి మా అమ్మాయికిచ్చింది.

తర్వాత ప్లేటులోంచి ఒక తూత్ తీసింది. ముందు తొడిమ పట్టుకుని పైకెత్తింది. ఊడిరాలేదు. సగం కొరికి, మిగతా సగం లోపలి వైపు వెలుతురుకి పెట్టి చూసింది. నాకు ఇంటర్వ్యూలో కూడా అంత టెన్షన్ లేదు. మిగతా సగం కూడా నోట్లో వేసుకుని "దస్తెత్ దర్ద్ నకొనే" అంది. నీ చెయ్యి నొప్పెట్టకుండు గాక అని, వండినవాళ్లకి వాళ్లు చెప్పే మాట. దానికి తిరిగి నీ తల నొప్పెట్టకుండు గాక అనాలట, నాకది అప్పటికి తెలియదు, థ్యాంక్యూ అన్నాను. ఇంకోటి తీసుకుంది. నేను అడక్కుండానే.

బుధవారం ఉగాది. ప్లేటు మళ్లీ మా దగ్గరికి వచ్చి ఉంది కాబట్టి అందులో బొబ్బట్లు, పక్కన చిన్న గిన్నెలో పచ్చడి పెట్టుకుని వెళ్లాను. అమ్మ పంపిన ఎండు వేపపువ్వు నేతిలో వేయించి కాస్త ఎక్కువే వేశాం. ఆరు రుచులూ ఒక్కొక్కటీ చెప్పి చెంచా ఇచ్చాను. ఖాలే నోట్లో పెట్టుకుంది, బెల్లం దాకా బాగానే ఉంది, మామిడికాయ దగ్గర కన్ను చికిలించింది, వేపపువ్వు దగ్గరికొచ్చేసరికి ఆగిపోయింది. మింగి, చాలా బాగుంది అంది. ఇంకో చెంచా వేసుకోండి అన్నాను, వద్దంది. మళ్లీ అడిగాను, వద్దంది. మూడోసారి కూడా అడిగాను. గిన్నె మీద చెయ్యి అడ్డం పెట్టింది.